వన్స్ మోర్ ఒప్పుకోని మనిషి

చలికాలం వస్తే కొబ్బరి నూనె గడ్డకడుతుంది. సీసాను కాసేపు ఎండలో పెట్టి, అంచుల దగ్గర నూనె కరగడం మొదలుపెట్టాక మూత తీస్తే వచ్చే వాసన నన్ను ఇప్పటికీ తీసుకెళ్లి నాటకం గ్రీన్‌రూములో కూర్చోబెడుతుంది. ఆ రోజుల్లో మొహానికి పూసిన రంగు దిగాలంటే కొబ్బరి నూనె తప్ప గతి లేదు. పాత పంచె ముక్కను నూనెలో ముంచి రుద్దుకుంటే రాణి మొహం గుడ్డకు అంటుకుని వచ్చేసి మామూలు మొహం బయటపడేది. "రంగు తుడుచుకునేటప్పుడు చూడాలమ్మాయ్ మనిషిని. వేసుకునేటప్పుడు అందరూ మంచివాళ్లే" అనేవారు శేషాచలం గారు. ఆయన మాటలన్నీ అంతే. పైకి సామెతలా ఉండేవి, లోపలంతా అనుమానం. ఈమధ్య నాకు కుడి భుజం నొప్పి ఎక్కువై రోజూ నూనె రాసుకుంటున్నాను. రాసుకున్నప్పుడల్లా ఆయన గుర్తొస్తున్నారు. ఆయన్ను ఎరగనివాళ్లకు ఆయన సంగతి చెప్పాలనిపించి రాస్తున్నాను.

తెనాలిలో కాలవ గట్టు దిగగానే ఆయన కొట్టు ఉండేది. నాటకాలకు డ్రస్సులు అద్దెకిచ్చే కొట్టు. గోడల నిండా కిరీటాలు, భుజకీర్తులు, అట్టతో చేసి తగరపు కాగితం అంటించిన గదలు. ఊళ్లో ఆయన్ను ఫిలిం శేషాచలం అనేవారు. గౌరవంగా కాదు, మూతి విరిచి. టాకీలు కొత్తగా వచ్చిన రోజుల్లో ఆయన పట్నం వెళ్లి రెండు సినిమాల్లో వేషాలు వేశారట. రెండో దాని తరవాత తిరిగొచ్చేశారట. ఆ 'ట' అన్నదే ఊరికి పట్టుకుంది. ఆ సినిమాలు తెనాలి రాలేదు. చూసినవాళ్లు లేరు. సినిమాల్లో వేసిన మనిషి ఇంట్లో ఒక్క ఫోటో అయినా ఉండాలి కదా, ఆయన కొట్లోనూ లేదు, ఇంట్లోనూ లేదు. హీరోయిన్‌తో గొడవ పెట్టుకుంటే గెంటేశారని కొందరు, నగలు పోతే ఈయన మీదికి వచ్చిందని కొందరు, అసలు స్టూడియో గేటు కూడా దాటలేదని ఇంకొందరు. ఆయన ఒక్కదానికీ అవుననలేదు, కాదనలేదు. మనిషి నోరు విప్పకపోతే ఊరు విప్పుతుంది.

అలాంటి మనిషి దగ్గర నన్ను పద్యం నేర్చుకోమని కూర్చోబెట్టింది మా అమ్మ. అరవైల్లో సంగతి. అమ్మ ఒకప్పుడు స్టేజీ మీద పాడిందే. గొంతు పోయాక ఇల్లు గడవడానికి నా గొంతు తప్ప వేరే ఆధారం లేకపోయింది. నాన్న లేరు. శేషాచలం గారు ఊరికే నేర్పుతానన్నారు. ఆ 'ఊరికే' అన్న మాట మా అమ్మకు మింగుడు పడలేదు. అందుకని నా వెంట తనూ వచ్చేది. చేటలో బియ్యం పోసుకుని గడప మీద కూర్చుని, పాఠం అయ్యేదాకా రాళ్లు ఏరుతూ ఉండేది. ఏరింది బియ్యంలో రాళ్లే అయినా చెవులు మాత్రం ఆయన మాటల్లో రాళ్లు వెతికేవి. ఆయనకది తెలుసు. "ఏంటి చెల్లెమ్మా, ఇవాళ ఏమైనా దొరికాయా?" అని అడిగేవారు. "ఇంకా లేదు అన్నయ్యగారు" అనేది అమ్మ, తలెత్తకుండా. వాళ్లిద్దరికీ ఒకరంటే ఒకరికి గౌరవం అక్కడే మొదలైందని నాకు చాలా కాలానికి గానీ అర్థం కాలేదు.

హార్మోనియం కోటయ్య బాబాయి వాయించేవాడు. చుట్టం కాదు, శేషాచలం గారి చిన్ననాటి స్నేహితుడు. పట్నం కూడా ఇద్దరూ కలిసే వెళ్లి కలిసే వచ్చారని అనుకునేవారు. బాబాయి పాతకాలం మనిషి, మంచి సంగతి పడితే వేళ్లు మెట్ల మీద ఉండగానే తల ఊపి కళ్లనీళ్లు పెట్టుకునేవాడు. కానీ భేష్ అని ఒక్కసారి కూడా పైకి అనలేదు. శేషాచలం గారు పాఠం చెప్పే తీరు ఇంకెక్కడా చూడలేదు నేను. రాగం సంగతి ఎలాగూ వస్తుంది, ముందు మాటను నమ్మకు అనేవారు. "రాణి 'నాకేం బాధ లేదు' అంటోంది. నమ్మావా?" అని అడిగేవారు. "నమ్మానండి" అంటే, "అయితే నువ్వు రాణి కాదు, ప్రేక్షకురాలివి. పోయి కుర్చీలో కూర్చో" అనేవారు. ప్రతి మాట వెనకా ఎవరున్నారో చూడమనేవారు. ఎవరు అంటున్నారు, ఎందుకంటున్నారు, దానివల్ల ఎవరికి మేలు. ఏడాది తిరిగేసరికి నాకు ఆ అలవాటు పట్టుకుంది. పట్టుకున్నాక నేను మొదట అనుమానించింది ఆయన్నే.

దానికి కారణం వన్స్ మోర్. ఇప్పటి పిల్లలకు చెబితే నవ్వుతారు గానీ, పద్యనాటకాల్లో అదొక ఆచారం. పద్యం బాగా పాడితే జనం వన్స్ మోర్ అని అరిచేవారు, నటుడు మళ్లీ పాడేవాడు. పాత్ర చనిపోయినా సరే. విషం తాగి పడిపోయిన రాణి లేచి, పమిట సర్దుకుని, అదే పద్యం మళ్లీ పాడి మళ్లీ చనిపోయేది. ఎవరికీ వింతగా ఉండేది కాదు. ఎన్ని వన్స్ మోర్లు వస్తే అంత పేరు. కాంట్రాక్టర్లు కూడా అదే చూసి పిలిచేవారు. శేషాచలం గారు వేయించే నాటకంలో మాత్రం అది నిషిద్ధం. "చచ్చినవాళ్లు లేవకూడదు" అనేవారు, అంతే. ఎందుకని అడిగితే కిరీటం తుడుచుకుంటూ కూర్చునేవారు. దాంతో ఆయన నాటకం అంటే కాంట్రాక్టర్లు మొహం చాటేసేవారు. పైకి రావలసిన పిల్లను పట్టుకుని పైకి రాని పద్ధతి ఎందుకు నేర్పుతున్నారో నాకు తెలియలేదు. తనకు రాని చప్పట్లు నాకు రావడం ఇష్టం లేదేమో అనిపించేది. అనుమానపడటం తప్పని నేను ఇప్పటికీ అనుకోను. నేర్పింది ఆయనే.

ఒక మధ్యాహ్నం రేపల్లె నుంచి ఒకాయన కొట్టుకు వచ్చాడు. అక్కడ రేకుల సినిమా హాల్లో ఏదో పాతకాలం సినిమా వేస్తున్నారట. రాజు వేషం కట్టిన మనిషిని గూడుబండి మీద ఎక్కించి, మైకుతో ఊరంతా తిప్పడానికి కిరీటం కావాలన్నాడు. శేషాచలం గారు మంచి కిరీటమే తీశారు. "ఏ సినిమా అండి?" అని అడిగారు. వచ్చినాయన సినిమా పేరు చెప్పాడు. శేషాచలం గారు కిరీటం గుడ్డలో చుట్టి ముడి వేశారు. వేసిన ముడి విప్పి మళ్లీ వేసి ఇచ్చారు. కోటయ్య బాబాయి లేచి చుట్ట కాల్చుకుంటానని బయటికి వెళ్లాడు. గడప మీద మా అమ్మ చేట చెరగడం ఆపేసింది. ఆ మర్నాడే నేనూ అమ్మా ఎవరికీ చెప్పకుండా రేపల్లె రైలెక్కాం.

మాటినీకి జనం పలచగా ఉన్నారు. పైన రేకులు కాలి హాలంతా ఉక్క. సినిమా అరిగిపోయి తెర మీద ఒకటే వాన. పాట వచ్చినప్పుడల్లా ముక్క తెగి, మనుషులు ఉన్నచోటు నుంచి ఇంకోచోటికి ఎగిరి పడుతున్నారు. సగం సినిమా అయినా ఆయన కనిపించలేదు. "లేరని చెప్పానా" అంది అమ్మ. గెలిచినట్టు అనలేదు, దిగులుగా అంది. ఆ తరవాత యుద్ధం సీను వచ్చింది. సేనాపతి వేషంలో ఉన్నాడు, పాతికేళ్ల కుర్రాడు, సన్నటి మీసం, కానీ ఆ నిలబడే తీరు ఆయనదే. బాణం తగిలి మోకాళ్ల మీదికి వాలి పద్యం ఎత్తుకున్నాడు. ఆ గరగర శబ్దంలోంచి కూడా ఆ గొంతు సూటిగా వచ్చింది. ఇంత గొంతు పెట్టుకుని ఈయన కిరీటాలు తుడుచుకుంటూ ఎందుకు కూర్చున్నారా అని కోపం వచ్చింది. పద్యం ముగించి వెనక్కి పడిపోయాడు. కళ్లు మూశాడు. అప్పుడు సినిమాలో, ఎక్కడో పక్క నుంచి, ఎవరో మగమనిషి అరుపు వినపడింది. సగం అరుపు. "వన్..." అని. చనిపోయిన సేనాపతి కుడి భుజం పైకి లేచింది. మెడ కూడా కదిలింది. అంతలో ముక్క తెగి, తామరపువ్వు చూపించారు. హాల్లో ఉన్నవాళ్లు గొల్లున నవ్వారు. అమ్మ నవ్వలేదు. నేనూ నవ్వలేదు.

మర్నాడు కొట్టుకు వెళ్లేసరికి కోటయ్య బాబాయి శ్రుతి చూసుకుంటున్నాడు. నేను దాచలేకపోయాను.

"మాస్టారండి, రేపల్లెలో సినిమా చూశామండి."

"నేనున్నానా?"

"ఉన్నారండి."

"బాగా చచ్చానా?"

"చచ్చారండి. కానీ..."

"లేచాను. అంతేగా." ఆయన చేతిలో కిరీటం పక్కన పెట్టారు. "అప్పట్లో పాట వేరే, బొమ్మ వేరే తీసేవారు కాదమ్మాయ్. హార్మోనియం, తబలా వాళ్లు పక్కనే కెమెరాకు కనపడకుండా కూర్చుని వాయించాలి, మనం పాడుతూ చావాలి. ఆఖరి రోజు, ఆఖరి సీను. ముడి ఫిలిం ఎక్కణ్నుంచో ఓడలో రావాలి, ఉన్నది ఆ కాస్తే. అంత బాగా నేను ముందు పాడలేదు, తరవాతా పాడలేదు. పడ్డాను. వన్స్ మోర్ అని వినపడింది. లేచాను."

"స్టూడియో కదండి."

"నాకు తెలుసు. నా ఒంటికి తెలియదు. పదేళ్లు స్టేజీ మీద చచ్చి లేచిన ఒళ్లు." కిరీటం మళ్లీ చేతిలోకి తీసుకున్నారు. "మళ్లీ తీయడానికి ఫిలిం లేదు. నేను పూర్తిగా లేవకముందే కోసేసి, చావు సీను అయినంతవరకే అతికించారు. ఈ నాటకాలవాడు చచ్చినా చావడని స్టూడియోలన్నిటా చెప్పుకున్నారు. ఇంకెవరు పిలుస్తారు?"

"ఎవరండి అలా అరిచింది?" అని అడిగాను.

"ఎవరో ఒకరు. అరుపుకు మొహం ఉంటుందా?" అన్నారు. పక్కన హార్మోనియం తిత్తి మీద బాబాయి చెయ్యి ఆగిపోయింది. నొక్కిన మెట్టు కాసేపు మూలిగి ఊరుకుంది. అది నేను విన్నాను. విని కూడా దాని సంగతి ఆలోచించలేదు. నా ఆలోచనంతా ఆయన మీదే. చెప్పింది నిజమే కావచ్చు. నిజమైతే ఇన్నేళ్లు నగలు దొంగిలించాడన్న మాట ఎందుకు పడ్డట్టు? పోనీ అంతా నిజమే అనుకున్నా ఇంకో అనుమానం మిగిలింది. ఆయన లేచి చెడిపోయారు. నేను లేవకుండా చెడిపోతానేమో. ఒక మనిషి కాలిన చేతికి ఇంకొకరి చేత జీవితమంతా మందు రాయించుకోవడం న్యాయమా?

ఈ ప్రశ్న తేలకుండానే బాపట్లలో నాటకం పోటీలు వచ్చాయి. మా నాటకంలో నేను రాణిని, ఆయన రాజు. రాణి రాజ్యం కోసం విషం తాగి, ఒక పద్యం పాడి చనిపోతుంది. రాజు వచ్చి చూస్తాడు. కారంచేడు వైపు నుంచి ఒక కాంట్రాక్టరు నన్ను చూడటానికే వస్తున్నాడని కబురు. నచ్చితే ఆ వేసవంతా నాకు నాటకాలే. మా ఇంట్లో అప్పటికి పొయ్యి ఒక పూటే వెలుగుతోంది. రంగు వేసుకుంటుంటే అమ్మ నా వెనక నిలబడి జడ అల్లుతూ చెవిలో అంది. "అరిస్తే లే. ఆయన ఏమన్నా అంటే నేను చూసుకుంటాను. చావు ఎవరైనా చస్తారు, లేచినవాళ్లకే అన్నం." శేషాచలం గారు అద్దంలోంచి మా ఇద్దర్నీ చూశారు. ఆ చూపు మీద కూడా నాకు అనుమానమే.

పద్యం బాగా వచ్చింది. చెప్పుకోకూడదు గానీ, బాగా వచ్చింది. పడిపోయాను. చెంప కింద తివాచీ దుమ్ము వాసన. కళ్లు మూసుకున్నాను. అంతలో హాలంతా విరుచుకుపడింది. వన్స్ మోర్, వన్స్ మోర్. ముందు వరసలో ఎవరో బల్ల మీద కొడుతున్నారు, ఆ కొట్టేది కాంట్రాక్టరేనని నాకు ఎందుకో గట్టిగా అనిపించింది. తెర పక్కన అమ్మ దగ్గింది. అది దగ్గు కాదని నాకు తెలుసు. నేను లేవాలని నిర్ణయించుకోలేదు. నా కుడి భుజం తనంతట తనే తివాచీ మీంచి లేవడం తెలిసింది. అప్పుడు రేపల్లెలో తెర మీద చూసిన భుజం గుర్తొచ్చింది. హాలంతా నవ్వడం గుర్తొచ్చింది. అదే సమయానికి రాజు వచ్చి నా పక్కన కూలబడి, నా భుజం మీద చెయ్యి వేశారు. ఆ చెయ్యి నన్ను కిందికి నొక్కుతోందో, పోనీలే లేవమంటోందో ఇప్పటికీ నేను చెప్పలేను. నేను లేవలేదు.

జనం చాలాసేపు అరిచారు. ఈలలు వేశారు. ఎవరో వేరుశెనక్కాయ తొక్కలు విసిరితే వచ్చి నా పాదాల మీద పడ్డాయి. రాజు తన మాట మొదలుపెట్టకుండా అలాగే కూర్చున్నారు, అరుపులు వాటంతట అవే అలిసిపోయేదాకా. ఆ తరవాత చాలా మెల్లగా మాట్లాడారు. తెర పడ్డాక చప్పట్లు కూడా లేవు. కాంట్రాక్టరు మా దగ్గరికి రాలేదు. గ్రీన్‌రూములో రంగు తుడుచుకుంటుంటే అమ్మ నూనె సీసా నా ముందు కాస్త గట్టిగా పెట్టింది.

అప్పుడు గుమ్మంలోకి ఒక ముసలావిడ వచ్చింది. సూర్యలంక నుంచి ఎండుచేపలు తెచ్చి బాపట్లలో అమ్ముకునే మనిషట, గంప అరుగు మీదే ఉంది. నా దగ్గరికి వచ్చి మణికట్టు పట్టుకుంది.

"బతికే ఉన్నావా తల్లీ. లేవలేదేందా అని గుండె ఆగిపోయింది నాకు. లోపలికి పోనీయమని వాకిట్లో వాళ్లను బతిమాలుకుని వచ్చా."

శేషాచలం గారు లేచి తన స్టూలు ఆవిడకు వేసి, మంచినీళ్లు తెచ్చి ఇచ్చారు. ఆవిడ నీళ్లు తాగి, నా మొహం ఇంకోసారి చూసుకుని వెళ్లిపోయింది. "ఆవిడేమైనా నాటకాల కాంట్రాక్టరా?" అంది అమ్మ. కానీ ఆ మాటలో కోపం లేదు. చేటలో ఇన్నాళ్లకు బియ్యం మాత్రమే కనిపించినదానిలా ఉంది అమ్మ మొహం.

ఆ వేసవి మాకు కష్టంగానే గడిచింది, అబద్ధం ఎందుకు చెప్పాలి. తరవాత తరవాత సాంఘిక నాటకాలు ఎక్కువయ్యాయి, రేడియోలో పిలుపు వచ్చింది, చచ్చినవాళ్లు లేవని రోజులు వచ్చాయి, నాకూ పని దొరికింది. ఆయన మాత్రం కొట్టు కదల్లేదు. డెబ్బైల్లో ఒక పొద్దున కొట్లో కూర్చుని, ఒళ్లో కిరీటం ఉండగానే పోయారు. అరుగు మీద చాప వేసి పడుకోబెట్టారు. రేపల్లె నుంచీ బాపట్ల నుంచీ నాటకాలవాళ్లు వచ్చారు. అక్కడ కూడా వెనక నిలబడి ఒకాయన ఇంకొకాయన్ను అడుగుతున్నాడు, "ఇంతకూ సినిమాల్లో నిజంగా వేశాడంటారా?" అని. నేను వెనక్కి తిరిగి, "వేశారు, నేను చూశాను" అన్నాను. ఆ మాట ఆయన బతికుండగా ఊళ్లో ఎవరితోనూ అనలేదని అప్పుడు తట్టింది.

కోటయ్య బాబాయిని కొడుకు చెయ్యి పట్టుకుని తీసుకొచ్చాడు. బాబాయికి అప్పటికి చూపు సరిగా లేదు. చాప పక్కన కూర్చుని స్నేహితుడి మొహం తడిమాడు. జనం అంతా వింటుండగా, "వన్స్ మోర్" అన్నాడు.

ముసలాయనకు మతి చెదిరిందనుకున్నారు అందరూ. కొడుకు "నాన్నా" అని లేవదీయబోయాడు. నాకు మాత్రం రేపల్లె హాలు కళ్ల ముందుకు వచ్చింది. తామరపువ్వు దగ్గర తెగిపోయిన ఆ అరుపులో మిగతా సగం ఇన్నేళ్లకు విన్నాను.

"అప్పుడూ నేనే అన్నానమ్మా" అన్నాడు బాబాయి, నావైపు తిరిగి. "పక్కనే వాయిస్తున్నా. ఆ పద్యం విని ఒళ్లు మరిచిపోయా. ఎవడు అరిచాడని ప్రొడ్యూసరు అడిగితే, వీడు 'ఎవరూ అరవలేదు, నేనే లేచాను' అన్నాడు. నా పేరు చెబితే నన్నూ గెంటేస్తారని. ఊళ్లో ఎన్ని మాటలు పడ్డా చెప్పలేదు. నన్ను కూడా చెప్పనీయలేదు." చాప మీద చెయ్యి వేసి నిమురుతూ, "నేను అనగానే లేచేవాడు. ఇప్పుడు లేవట్లేదే" అన్నాడు.

అందరూ బాబాయిని పట్టుకుని ఏడుస్తున్నారు. నేను శేషాచలం గారి కుడి భుజం వైపు చూస్తూ నిలబడ్డాను. నాటకాలవాణ్ని చచ్చినా నమ్మకూడదని నాకు నేర్పింది ఆయనే. నా జీవితంలో ఎన్నో అనుమానాలు పడ్డాను, అవి నిజం కాకూడదనే కోరుకున్నాను. ఆ భుజం లేస్తుందేమోనన్న ఆ ఒక్కటి నిజమైతే బాగుండుననుకున్నాను.

ఇప్పుడు నన్ను అప్పుడప్పుడూ సభలకు పిలుస్తారు. శాలువా కప్పుతారు. చప్పట్లు కొడతారు. ఎవరు కొడుతున్నారో, ఎందుకు కొడుతున్నారో ముందు చూస్తాను. నా భుజం మాత్రం అవేమీ చూడదు. ఆ శబ్దం వినగానే శాలువా కింద దానంతట అదే కాస్త లేస్తుంది. దాని మీద ఆయన చెయ్యి ఉన్నట్టే ఉంటుంది, నొక్కుతోందో లేపుతోందో తెలియదు. నేను కదలకుండా కూర్చుంటాను.